సుప్రీంకోర్టులో ఓడాక ఏది మేలు: రివ్యూనా, క్యూరేటివా, మళ్లీ హైకోర్టా?

ఢిల్లీలో కేసు కొట్టేశారని తెలియగానే నాంపల్లిలోనైనా, ఎల్బీనగర్ కోర్టుల దగ్గరైనా వినిపించే ఓదార్పు ఒకటే: "టెన్షన్ పడకన్నా, ఇంకా రివ్యూ ఉంది కదా." ఉన్నమాట నిజమే. తన తీర్పును తానే తిరిగి చూసుకునే అధికారం రాజ్యాంగం 137వ అధికరణం సుప్రీంకోర్టుకు ఇచ్చింది. ఆ తలుపు ఎంత ఇరుకో మాత్రం ఫీజు మాట్లాడుకునే రోజున ఎవరూ చెప్పరు.

అసలు ముందు చూడాల్సింది చేతిలో ఉన్న ఆర్డరు ఎలాంటిదన్నది. శంషాబాద్ వైపు భూమి తగాదాలో తెలంగాణ హైకోర్టులో ఓడి, సుప్రీంకోర్టులో ఎస్సెల్పీ (అప్పీలుకు అనుమతి అడిగే పిటిషన్) వేశారనుకుందాం. అది కారణాలేమీ చెప్పకుండా ఒక్క ముక్కలో డిస్మిస్ అయితే, హైకోర్టు తీర్పుకు సుప్రీంకోర్టు ముద్ర పడినట్టు కాదు. అప్పీలు వేసుకోవడానికి అనుమతి దొరకలేదంతే. 2000లో కున్హయమ్మద్ కేసులోనూ, 2019లో ఖోడే డిస్టిలరీస్ కేసులోనూ ఈ సంగతి తేల్చేశారు. కాబట్టి హైకోర్టులోనే రివ్యూ వేసుకోవచ్చు. కారణాలు రాసి కొట్టేస్తే ఆ కారణాలకు హైకోర్టు కట్టుబడాలి. అనుమతి ఇచ్చి, అప్పీలు విని తీర్పు చెప్పి ఉంటే హైకోర్టు తీర్పు అందులో కలిసిపోతుంది, ఇక అక్కడ అడగడానికేమీ ఉండదు.

ఒక్క ముక్క ఆర్డరు వచ్చినవాళ్లకు నా ఓటు హైకోర్టుకే. కేసు పూర్తిగా విన్నది, కాగితాలన్నీ చూసింది ఆ కోర్టు. ఒక చిక్కు ఉంది: రివ్యూకు గడువు 30 రోజులు. ఢిల్లీ వెళ్లొచ్చేసరికి అది ఎప్పుడో దాటిపోయి ఉంటుంది. ఆలస్యాన్ని మన్నించమని విడిగా పిటిషన్ వేసి, నమ్మదగిన కారణం చూపాలి.

ఏ కోర్టులో వేసినా సివిల్ కేసుల్లో కారణాలు అవే. ఎంత శ్రద్ధగా వెతికినా అప్పట్లో దొరకని కొత్త ఆధారం, రికార్డు మీద కళ్లకు కనిపించే తప్పు, లేదా వాటికి సాటివచ్చే మరో గట్టి కారణం. సుప్రీంకోర్టులో క్రిమినల్ కేసులకైతే ఆ కనిపించే తప్పు ఒక్కటే. దీని మీద ఇప్పటికీ వల్లించే పాత తీర్పు మన కర్నూలు కంపెనీదే, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వంతో తుంగభద్ర ఇండస్ట్రీస్ నడిపిన కేసు. రివ్యూ అంటే మారువేషంలో వచ్చిన అప్పీలు కాదని అందులో చెప్పారు. సేల్ డీడ్ ఫైలులో ఉండగానే "దాఖలు చేయలేదు" అని తీర్పులో రాస్తే అది రివ్యూకు నిలిచే తప్పు. మన సాక్షిని జడ్జిగారు నమ్మలేదన్నది నిలవదు. తర్వాత ఇంకెవరి కేసులోనో చట్టానికి వేరే అర్థం చెప్పారన్నదీ నిలవదు. చాలామందికి ఇదే మింగుడుపడదు.

సుప్రీంకోర్టు రివ్యూలో వాదనలు ఉండవు. వీలైనంతవరకు అదే జడ్జీలు తమ చాంబర్లలో కాగితాలు చూసి తేల్చేస్తారు. ఉరిశిక్ష కేసులకు మాత్రం 2014లో మినహాయింపు ఇచ్చారు. వాటిని ఓపెన్ కోర్టులో వింటారు, అదీ అరగంట. మనలాంటివాళ్ల మొర అంతా కాగితం మీదే. పాత వాదనలన్నీ తిరగరాసిన లావుపాటి పిటిషన్ కంటే ఒకే తప్పును పేజీ నంబరుతో చూపించే నాలుగు పేజీలు మేలు. ఇక్కడా 30 రోజులే గడువు, రెండో రివ్యూ ఉండదు.

కొందరు "క్లారిఫికేషన్" పేరుతో దొడ్డిదారి చూపిస్తారు. నోయిడా జంట టవర్లను కూల్చేయమన్న కేసులో బిల్డర్ సూపర్‌టెక్ 2021లో తీర్పు మార్చమని ఇలాగే అప్లికేషన్ వేస్తే సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. మరుసటి ఏడాది రెండు టవర్లూ నేలమట్టమయ్యాయి. ఈ సలహా ఇచ్చే లాయర్‌కు ఓ నమస్కారం పెట్టి వచ్చేయండి.

ఇక క్యూరేటివ్, అంటే రివ్యూ కూడా పోయాక సుప్రీంకోర్టులోనే వేసుకునే చివరి పిటిషన్. ఒక విడాకుల కేసు పుణ్యమా అని 2002లో పుట్టింది. మన మాట వినకుండానే తీర్పిచ్చారనో, జడ్జికి కేసుతో సంబంధం ఉన్న సంగతి దాచారనో చూపాలి. సీనియర్ అడ్వకేట్ సర్టిఫికెట్ కావాలి. ముందు ముగ్గురు అతి సీనియర్ జడ్జీలు, అందుబాటులో ఉంటే తీర్పిచ్చినవాళ్లూ చూస్తారు. భోపాల్ పరిహారం పెంచమని కేంద్ర ప్రభుత్వమే వేసిన క్యూరేటివ్‌ను 2023లో కొట్టేశారు. 2024లో ఢిల్లీ మెట్రో గెలిచింది, నిజమే. ఆర్బిట్రేషన్‌లో (కోర్టు బయటి మధ్యవర్తిత్వంలో) తన మీద పడిన వేల కోట్ల అవార్డు అది. ఆ ఒక్క గెలుపు చూసి ఇల్లు తాకట్టు పెట్టకండి.

తీర్పుతో పేచీ సొంత ఆస్తి కోసం కాక ఒక సూత్రం కోసమైతే లెక్క వేరు. స్వలింగ సంబంధాలను నేరంగా చూసిన 377వ సెక్షన్ మీద 2013లో వచ్చిన తీర్పుపై రివ్యూ 2014లో పోయింది. క్యూరేటివ్ 2016లో అయిదుగురి బెంచికి వెళ్లింది. చివరికి 2018లో పాత తీర్పును తిరగరాయించింది వేరేవాళ్లు వేసిన కొత్త రిట్ పిటిషన్లు. శంషాబాద్ ప్లాటుకు ఈ దారి పనికిరాదు, అదే పార్టీల మధ్య తేలిపోయిన తగాదాను మళ్లీ కొత్తగా మొదలుపెట్టనివ్వరు.

ఏది ఎంచుకున్నా ఒక సంగతి వకీలుతో ముందే మాట్లాడుకోవాలి. రివ్యూ వేసినంత మాత్రాన డిక్రీ ఆగదు. స్టే విడిగా అడగాలి, అది దొరకడమూ కష్టమే. ఈలోగా అవతలివాళ్లు కింది కోర్టులో డిక్రీ అమలు చేయమని ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేసి బెయిలిఫ్‌ను (దాన్ని అమలుచేసే కోర్టు ఉద్యోగిని) తీసుకొస్తే, రివ్యూ పెండింగులో ఉందన్న కాగితం చూపించి ఆయన్ను ఆపలేం.