ఫోన్ బిల్లు గొడవకి ‘ఆర్బిట్రేషన్ తప్ప దారి లేదు’ అంటే నమ్మబాకండి సామీ

పేరు చెప్పను. తిరుపతోళ్లకి చెప్పాల్సిన పని గూడా లేదు, పోస్ట్‌పెయిడ్ అంటగట్టేటప్పుడు ‘సార్ సార్’ అని కుర్చీ లాగి కూర్చోబెట్టే షోరూం ఏదో మీకే తెలుసు. ఈ మధ్యాహ్నం అక్కడ 11,500 కట్టేసి వచ్చినా. ఇంకా అన్నం తినలేదు, ముందు ఇది రాస్తాండా.

వారం రోజులు కువైట్‌లో మా తమ్ముడి దగ్గరికి పోయినా. పోయే ముందే ఆ షోరూంలోనే రోమింగ్ ప్యాక్‌కి డబ్బు కట్టినా. ‘అయిపోయింది సార్, హ్యాపీగా పోయి రండి’ అన్నారు. వచ్చినాక బిల్లు 18,640! నెలకి నాకొచ్చే బిల్లు ఐదారు వందలు. ప్యాక్ ఆన్ అయింది నేను తిరిగొచ్చినాకంట. ఫిర్యాదు చేస్తే డాకెట్ నంబరు ఇచ్చినారు, మూడో రోజు ‘మీ సమస్య పరిష్కరించబడింది’ అని మెసేజీ. ఎవరి సమస్యో మరి. ఆ తర్వాత రికవరీ వాళ్ల ఫోన్లు, సిబిల్ పోతాదని బెదిరింపులు. మా ఇంటామె బీపీ మాత్ర వేసుకునేది ఆ ఫోన్ మోగినాకే.

సరే, తేల్చుకుందామని ఈరోజు పోయినా. ‘కన్స్యూమర్ కోర్టుకు పోతా’ అన్నా. మేనేజరు, మా పిల్లోడి వయసుంటాది, నవ్వినాడు. సొరుగులోంచి లామినేషన్ చేసిన కాగితం ఒకటి తీసి ముందర పెట్టినాడు. ‘టెలిగ్రాఫ్ చట్టం సెక్షన్ 7బి సార్. ఫోన్ బిల్లు తగాదాలన్నీ ఆర్బిట్రేషన్‌కే, అంటే కోర్టు బయట తీర్పు చెప్పే మధ్యవర్తి దగ్గరికే పోవాల. సుప్రీంకోర్టే చెప్పింది. ఆర్బిట్రేటర్ని వేసేది సెంట్రల్ గవర్నమెంటు, ఆయన ఇచ్చిందే ఆఖరు, దాని మీద ఏ కోర్టుకూ పోలేరు. మీ ఓపిక మీ ఇష్టం’ అన్నాడు. లామినేషన్! దాన్ని చూసే నేను పడిపోయినా. ప్లాస్టిక్ వేసినారంటే నిజమే అయ్యుంటాదని ఈ పెద్ద బుర్రకి తోచింది. ముప్పై ఏళ్లు ఆఫీసులో ఫైళ్లు చూసినోణ్ణి.

అప్పుడు కాఫీ తెప్పించినాడు. ‘పెద్దోళ్లు, మీకోసం పైనోళ్లతో మాట్లాడినా, 11,500తో క్లోజ్ చేస్తా’ అన్నాడు. ‘నాకు ఎట్లాంటి ఫిర్యాదూ లేదు’ అని రాసున్న కాగితం మీద సంతకం పెట్టినా. కాపీ ఇవ్వబ్బా అంటే, ‘అది ఆఫీసు కాపీ సార్, మీకెందుకు?’ అన్నాడు. కాఫీ తెప్పించినప్పుడుండిన మర్యాద కార్డు గీకినాక లేదు. తలుపు దాకా వచ్చినానో లేదో, వెనక కౌంటర్ పిల్లోడితో అంటాండాడు: ‘చూసినావా, ఏడు బీ చూపిస్తే ఎవురైనా గమ్మునైపోతారు.’

విన్నా. వెనక్కి తిరగలేదు. మెట్లు దిగి బండి స్టార్ట్ చేసుకోని వచ్చేసినా. ఇప్పుడు కడుపు మండేది డబ్బుకి కాదు, అప్పుడు తిరగనందుకు.

చిత్తూరు కోర్టులో ప్రాక్టీసు చేసే మేనల్లుడికి ఫోన్ చేసి చెప్తే వాడు తల పట్టుకున్నాడు. ‘మామా, వాడు చెప్పిన సుప్రీంకోర్టు తీర్పు 2009ది. కేరళలో బిల్లు కట్టలేదని ఫోన్ కట్ చేసిన కేసు. దాన్ని 2022 ఫిబ్రవరి 16న సుప్రీంకోర్టులోనే ముగ్గురు జడ్జీల బెంచి పక్కన పెట్టేసింది’ అన్నాడు. ఆ రెండో కేసు గూడా బిల్లుదేనంట. గుజరాత్ ఆయనకి నెలకి సగటున 555 వచ్చేదల్లా 2013లో ఒక్కసారి 24 వేల పైచిలుకు వచ్చింది. కన్స్యూమర్ ఫోరానికి పోతే కంపెనీ ఇదే 7బి పాట పాడింది. ఆర్బిట్రేషన్ ఉంది కదా అని వినియోగదారుల కమిషన్ తలుపు మూసుకోదని కోర్టు తేల్చి చెప్పింది. 2023లో వచ్చిన టెలికం చట్టం గూడా ఆ హక్కు జోలికి పోలేదంట. అంటే ఆ లామినేషన్ కాగితానికి చెల్లుబాటు పోయి ఎన్నేళ్లయిందో చూడండి. వాళ్లకి తెలీకనా? అందుకే కదా దాన్ని అంత జాగ్రత్తగా ప్లాస్టిక్‌లో దాచిపెట్టుకున్నారు.

మేనల్లుడు ఇంకా చెప్పినాడు, గబగబా రాస్తా. డాకెట్ నంబరు పారేయబాకండి. జవాబు నచ్చకపోతే 30 రోజుల్లో ఆ కంపెనీ అప్పీలు అథారిటీకే రాయొచ్చు, పైసా ఖర్చు లేదు. ఫోన్ కంపెనీల మీద అజమాయిషీ చేసే ట్రాయ్‌కి రాస్తే ఒక్కొక్కరి బిల్లు వాళ్లు చూడరు. వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేయొచ్చు. కమిషన్ తిరుపతిలోనే ఉంది, ఐదు లక్షల లోపు కేసుకి ఫీజు లేదు, రెండేళ్ల లోపల వేయాల. కాపీ ఇవ్వని కాగితం మీద సంతకం మాత్రం పెట్టబాకండి, ఎన్ని కాఫీలు తెప్పించినా సరే.

నా సంతకం సంగతి ఏమవుతాదో సోమవారం చిత్తూరు పోయి కనుక్కోవాల. మోసపుచ్చి పెట్టించుకున్నారని వాదించొచ్చంటాడు మేనల్లుడు. ‘ఆ లామినేషన్ కాగితం ఫోటో తీసినావా మామా?’ అని అడిగినాడు. తీయలేదు. కాఫీ తాగతా ఉండినా.