బుర్రుమంటే సోడా అయినట్టు కాదు: సోడా మిషన్‌తో నాలుగో వేసవి

సిలిండరులోని గ్యాసును సీసాలో నీళ్ళలోకి ఎక్కించి ఇంట్లోనే సోడా చేసే మిషన్ మాది. నాకు మిషన్ మీద కోపం లేదు. కోపమంతా సిలిండరు డబ్బా మీద రాసిన "60 లీటర్ల వరకు" అన్న మాట మీదే. మా మొదటి సిలిండరు 22 లీటర్లకే అయిపోయింది. సీసా చేసినప్పుడల్లా క్యాలెండరు మీద గీత పెట్టాను కాబట్టి లెక్క తప్పే అవకాశం లేదు.

సిలిండరులో ఉండేది 425 గ్రాముల కార్బన్ డయాక్సైడ్. 60 లీటర్లకు పంచితే లీటరుకు 7 గ్రాములు. ముక్కు చుర్రుమనడానికి అది సరిపోతుంది. మరి మాకు 60 లీటర్లు ఎందుకు రాలేదు? మీట నొక్కినప్పుడు సీసాలో పీడనం హద్దు దాటితే సేఫ్టీ వాల్వు తెరుచుకుని బుర్రుమంటుంది. ఆ చప్పుడు వస్తేనే సోడా తయారైనట్టు అనుకుని, కొత్తలో సీసాకి మూడు నాలుగుసార్లు బుర్రుమనిపించేదాన్ని. చప్పుడైన ప్రతిసారీ నీళ్ళలో కలవాల్సిన గ్యాసు వంటింట్లోకి పోతోందని గ్రహించడానికి ఏడాది పట్టింది.

దానికి తోడు హైదరాబాదు మే నెల. మేడ మీద ట్యాంకు కాగి, ఫిల్టరులోంచి పట్టిన నీళ్ళు కూడా వెచ్చగా ఉంటాయి. సున్నా డిగ్రీల దగ్గర లీటరు నీళ్ళు మామూలు పీడనంలోనే 3.3 గ్రాముల గ్యాసు పట్టుకుంటాయి. 30 డిగ్రీల దగ్గర దాదాపు 1.3 గ్రాములే. నీళ్ళు తీసుకోని గ్యాసు పైన ఖాళీలో పేరుకుంటుంది, వాల్వు ఇంకా త్వరగా తెరుచుకుంటుంది. ఇప్పుడు నీళ్ళు రాత్రే ఫ్రిజ్‌లో పెడతాను. మీట కొద్దిగా నొక్కి, వదిలి, ఐదారు సెకన్లు ఆగి మళ్ళీ నొక్కుతాను. బుర్రుమనేలోపే చెయ్యి తీసేస్తాను. ఇలా చేస్తే 40 లీటర్ల పైచిలుకు వస్తున్నాయి. 60 మాత్రం ఒక్కసారి కూడా చూడలేదు.

మొదటి ఏడాది అందరికీ "అచ్చం గోలీ సోడానే" అని చెప్పాను. ఆ మాట కొంచెం సవరించుకోవాలి. మా నాన్న తాగి, "బానే ఉందమ్మా, కానీ గ్యాసు నిలబడట్లేదు" అన్నారు. నిజమే. 1872లో ఇంగ్లండులో హైరమ్ కాడ్ పేటెంటు తీసుకున్న ఆ గోలీ సోడా సీసాలో గోలీని మూతికి అదిమి పట్టేది లోపలి గ్యాసే. గోలీ కొట్టేదాకా పీడనం దిగదు. మనం మిషన్ నుంచి సీసా తీసి, మూత పెట్టేలోపే సగం హుషారు దిగిపోతుంది. వెంటనే గ్లాసులో పోసుకుంటేనే ఆ ఘాటు. నిమ్మరసం, ఉప్పు ఆ తర్వాతే, గ్లాసులోనే. మిషన్‌లో పెట్టే సీసాలో నీళ్ళు తప్ప ఏం పోసినా పొంగి నాజిలులోకి ఎక్కుతుంది.

ఇక పోయిన ఏడాది ఏప్రిల్ సంగతి. ఖాళీ సిలిండరు ఇచ్చి నిండుది తెచ్చాను. రాత్రి భోజనాలయ్యాక బిగిస్తున్నాను, చివరి తిప్పులో ఒక్కసారిగా బుస్సుమంది. మీట మీద చెయ్యే లేదు, అయినా ఆగట్లేదు. సిలిండరు మీద తెల్లగా మంచు పట్టేస్తోంది. పట్టుకుంటే చల్లదనానికి చెయ్యి చుర్రుమంది. నాన్న హాల్లోంచి పరుగున వచ్చి, "ముందు కిటికీ తియ్యమ్మా!" అని కేకేశారు. మందపాటి తువ్వాలు చుట్టి వెనక్కి తిప్పితే ఆగింది. లోపల ద్రవంగా ఉన్న ఆ 425 గ్రాములు ఆవిరైతే 230 లీటర్లకు పైగా గ్యాసవుతుంది. గాలికంటే బరువు, కింద పేరుకుంటుంది. నాన్న చెప్పింది సరైన మాటే.

కారణం నాన్నే పట్టారు. వంట గ్యాసు బండ మార్చినప్పుడల్లా ఆయన మొదట వాషరు చూస్తారు. ఇక్కడా టార్చి వేసి చూస్తే, మిషన్ లోపల ఉండాల్సిన రబ్బరు వాషరు లేదు. పాత సిలిండరు మూతికి అతుక్కుని దాంతోపాటే షాపుకి వెళ్ళిపోయింది. వాషరు మందం లేకపోయేసరికి కొత్త సిలిండరు ఒక పిసరు ఎక్కువ పైకి ఎక్కింది, లోపలి పిన్ను దాని వాల్వును నొక్కి పట్టింది. మర్నాడు తక్కెడలో పెట్టి, సిలిండరు మీద చెక్కిన ఖాళీ బరువు తీసేస్తే, మిగిలిన గ్యాసు 130 గ్రాములే. సర్వీసు వాళ్ళు వాషరు విడిగా అమ్మం అన్నారు, మిషన్ తెచ్చి ఇమ్మన్నారు. వేలి వెడల్పు లేని రబ్బరు చుట్ట కోసం మూడు వారాలు! అది నాకు ఇప్పటికీ మంటే.

అప్పటినుంచి సిలిండరు విప్పగానే దాని మూతి చూస్తాను, వాషరు మిషన్‌లోనే ఉందా అని వేలితో తడుముతాను. కొత్తది తెచ్చిన రోజే తూకం వేస్తాను. ఒకసారి 60 గ్రాములు తక్కువ వచ్చింది, తిరిగి ఇచ్చేశాను. పొయ్యి పక్కనా, ఎండ పడే గట్టు మీదా పెట్టను. 31 డిగ్రీలు దాటితే ఆ గ్యాసు ద్రవంగా ఉండలేదు, లోపల పీడనం పెరుగుతుంది.

కొనమంటారా అని అడిగేవాళ్ళకి మా ఇంటి సంగతే చెప్పగలను. మాది ముగ్గురం ఉన్న ఇల్లు, రోజూ ఒక లీటరు సోడా ఖర్చు, ఫ్రిజ్‌లో ఒక అర దానికే వదిలేశాం, సిలిండరు మార్చే షాపు నా ఆఫీసు దారిలోనే ఉంది. ఆ షాపు మూసేస్తే, లేదా మేం ఊరికి మారిపోతే, నేనే దీన్ని అటక మీద పెట్టేస్తానేమో. ఈ వేసవికి మాత్రం రెండో సిలిండరు కూడా తెచ్చిపెట్టాను. నాన్నకి సాయంత్రం నాలుగింటికి నిమ్మ సోడా పడాల్సిందే.