అరచేతి గీత దాటని కట్టు: మణికట్టు విరిగిన పద్నాలుగు నెలల తరువాత

నిరుడు ఫిబ్రవరి చివరిలో, కర్నూలులోని మా ఇంటి పెరట్లో, అప్పుడే కడిగిన బేతంచెర్ల నాపరాళ్ళ మీద కాలు జారింది. పడుతూ కుడిచెయ్యి నేలకు ఆనించాను, మణికట్టు విరిగింది. ఆ చేతికి మొదట సగం కట్టు, తరువాత చుట్టూ సిమెంటు కట్టు, ఆ తరువాత విప్పి పెట్టుకునే స్ప్లింటు వాడాను. వీటి ధర, బరువు, రకాల సంగతి ఎముకల ఆసుపత్రి వరండాలో కూర్చున్న ఎవరైనా చెప్పగలరు. నేను చెప్పదలచుకున్నది ఒక్క అంచు గురించి, అంటే కట్టు అరచేతిలో ఎక్కడ ఆగాలన్న దాని గురించి. ఆ అంచు విలువ తెలిసేసరికి నాకు రెండు వారాలు నష్టమయ్యాయి. ఆ బాధ నాకింకా తీరలేదు.

చిటికెనవేలి కింద మొదలై చూపుడువేలి వైపు అడ్డంగా సాగే గీత ఒకటి దాదాపు అందరి అరచేతిలోనూ ఉంటుంది. చెయ్యి చూసి జాతకం చెప్పేవారు దానిని హృదయరేఖ అంటారు. వేళ్ళను మొదళ్ళ దగ్గర మడిచినప్పుడు చర్మం ముడుచుకునేది అక్కడే. మణికట్టుకు వేసే కట్టు ఆ గీతకు ఇవతలే ఆగాలి. దానిని దాటి వేళ్ళ మొదళ్ళ దాకా పోతే, మణికట్టుతో పాటు అక్కడి కీళ్ళు కూడా బందీలవుతాయి. విరిగిన చోటు కదలకుండా ఉంచడం కట్టు పని; విరగని వేళ్ళను కూడా ఆపేస్తే అవి బిగుసుకుపోవడం తప్ప ఒరిగేదేమీ లేదు.

మొదటి రోజు వైద్యం గురించి నాకు ఫిర్యాదేమీ లేదు. ఎక్స్‌రే తీయకముందే, ముళ్ళగరిటె వంపులా కనబడుతున్న చేతి ఆకారాన్ని చూసి, ముంజేతిలో బొటనవేలి వైపు ఉండే రేడియస్ ఎముక చివర విరిగిందని, దీనిని కోలిస్ విరుపు అంటారని డాక్టరు చెప్పారు. అబ్రహాం కోలిస్ అనే ఐర్లండు శస్త్రవైద్యుడు 1814లోనే, అంటే ఎక్స్‌రేలు కనిపెట్టిన 1895కు ఎనభై ఏళ్ళ ముందే, దీనిని వర్ణించాడని ఆ తరువాత చదివి తెలుసుకున్నాను. ఎముక కొద్దిగానే జరిగింది కనుక, మత్తు సూది ఇచ్చి లాగి సరిచేసి, ముంజేతికి ఒక వైపు మాత్రమే సిమెంటు పలక వచ్చేలా స్లాబు వేసి, పైన క్రేప్ బ్యాండేజీ చుట్టారు. మొదటి రెండు మూడు రోజులు వాపు పెరుగుతుంది కాబట్టి చుట్టూ గట్టి కట్టు వేయరాదని, వేళ్ళు నీలంగా మారినా, తిమ్మిరెక్కినా, నొప్పి తగ్గకుండా పెరుగుతూ పోయినా అర్ధరాత్రి అయినా రావాలని చెప్పి పంపారు. చేతిని గుండెకంటే ఎత్తులో రెండు దిండ్ల మీద పెట్టుకుని పడుకున్నాను. ఆ వారం రోజులు నేను అనుకున్నదానికంటే సుఖంగా గడిచాయి.

అసలు కథ ఎనిమిదో రోజున మొదలయింది. వాపు తగ్గిందని స్లాబు తీసి, చుట్టూ సిమెంటు కట్టు వేయించుకోమన్నారు. వేసినతను మిగతా విషయాలన్నిటిలో జాగ్రత్తపరుడే. దూది సమంగా చుట్టాడు, బొటనవేలు విడిగా వదిలాడు, తడి పట్టీలు గట్టిపడేటప్పుడు చెయ్యి వేడెక్కితే భయపడవద్దని ముందే చెప్పాడు. 1852లో మథైసెన్ అనే డచ్చి సైనిక వైద్యుడు గుడ్డపట్టీలకు కాల్చిన జిప్సం పొడి రుద్ది తడిపి చుట్టిన పద్ధతి ఇప్పటికీ ఎంత చక్కగా పనిచేస్తోందో ఆ పది నిమిషాలలో నా కళ్ళతో చూశాను. అయితే ఆ చివరి రెండు చుట్లను అతను వేళ్ళ మొదళ్ళ దాకా తీసుకువెళ్ళి, అంచును నున్నగా మడిచి, "గట్టిగా ఉంటే ఎముక కదలదమ్మా" అన్నాడు. నాకూ అది నిజమే అనిపించింది. ఎంత పెద్ద కట్టయితే అంత భద్రమనుకునే మనసు కదా.

వేళ్ళు ఆడిస్తూ ఉండమని డాక్టరు చెప్పినందున, రోజుకు వందసార్లయినా ఆడించాను. కానీ నేను ఆడించినది వేళ్ళ చివరి రెండు కణుపులనే అని నాకు తెలియదు. మొదటి కీళ్ళు కట్టులో పలకలాగా నిటారుగా ఉండిపోయాయి. అన్నం కలపలేకపోయాను, ముద్ద చేయలేకపోయాను. కోడలు చెంచా చేతిలో పెట్టి, అదీ సాగని రోజున, "నోరు తెరువు అత్తా" అని తినిపించింది. చేతికి కట్టున్న వాళ్ళందరూ ఇలాగే తింటారని నేను నమ్మాను. అది మామూలేనని సరిపెట్టుకోవడమే నాకు అన్నిటికంటే ఎక్కువ కష్టం కలిగిస్తున్నది, ఎందుకంటే మన ఇళ్ళలో ముద్ద కలపడం కంటే మంచి పరీక్ష వేరొకటి లేదు. మణికట్టు కట్టులో ఉన్నా వేళ్ళతో ముద్ద చేయగలిగితే అంచు సరైన చోట ఉన్నట్టే. ఆ పరీక్షలో నేను రోజూ తప్పుతున్నా, అది దేనికి సంకేతమో చెప్పేవారు లేకపోయారు.

మూడు వారాలు నిండాక ఎక్స్‌రే తీయించుకున్నాను. ఎముక పెట్టిన చోటే ఉందని డాక్టరు సంతోషించి, పిడికిలి బిగించమన్నారు. నా వేళ్ళు కొక్కేల్లా వంగాయి గానీ మొదళ్ళ దగ్గర కదలలేదు. ఆయన ఎక్స్‌రే పక్కన పెట్టి నా అరచెయ్యి తిప్పి చూశారు, ఒక్క క్షణం మాట్లాడలేదు, తరువాత పెన్నుతో కట్టు మీద అడ్డంగా ఒక గీత గీసి రంపం తెమ్మన్నారు. ఆ మోతకు నేను చెయ్యి వెనక్కు లాక్కుంటే, ఆ రంపపు బిళ్ళ గుండ్రంగా తిరగదని, అటూ ఇటూ కంపిస్తుందని, అందుకే గట్టి సిమెంటును కోస్తుంది గానీ దానితో పాటే కదిలే మెత్తని చర్మాన్ని కోయదని చెప్పి, తన అరచేతికి ఆనించి చూపించారు. అంగుళం వెడల్పున్న ముక్క ఊడి వచ్చింది. దాని కింద చర్మం తెల్లగా నాని ఉంది. పద్నాలుగు రోజుల తరువాత నా హృదయరేఖ నాకు కనిపించింది. అప్పుడు వేళ్ళు మడవబోతే, నొప్పికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి, కదలిక మాత్రం వేలి మందమంతే వచ్చింది.

ఆ రోజు నుంచి గంటకు పదిసార్లు పిడికిలి బిగించడం, వేళ్ళు బార చాపడం, బొటనవేలితో మిగతా వేళ్ళ కొసలను ఒక్కొక్కటిగా తాకడం నియమంగా పెట్టుకున్నాను. తొమ్మిదో రోజు రాత్రి నా చేత్తో పెరుగన్నం కలుపుకుని తిన్నాను. పండుగ పూట తిన్న భోజనం కూడా నాకు అంత తృప్తినివ్వలేదు.

అయినా కోసిన అంచు సుఖమే అని పూర్తిగా అనలేను. కోసిన చోట సిమెంటు పొడి రాలుతూ లోపలికి జారేది, కర్నూలు ఎండల్లో దానికి చెమట తోడయితే దురద చెప్పనలవి కాదు. లోపలికి పుల్లలు, సూదులు దూర్చవద్దని గట్టిగా చెప్పారు కాబట్టి టేబులు ఫ్యాను ముందు కట్టు నోరు పెట్టుకుని కూర్చునేదాన్ని. మా ఆడబిడ్డ కొడుకు అంచుకు దూది పెట్టి పైన టేపు అంటించాక కొంత నయమయింది. స్లాబును మెచ్చుకున్నాను గానీ, నాలుగో రోజుకే దాని క్రేప్ సడలి పలక పక్కకు జరిగిందని, నేను బద్ధకించి మళ్ళీ కట్టించుకోలేదని కూడా చెప్పాలి; ఎముక జరగకపోవడం నా అదృష్టం. వేళ్ళు బిగుసుకుపోయిన నేరమంతా అంచు మీదే మోపడం కూడా న్యాయం కాదు. భయంతో నేను చేతిని ఎక్కువసేపు కిందికి వేలాడదీసుకుని తిరిగాను, వాపు అందువల్ల కూడా నిలిచింది.

ఆరు వారాలకు కట్టు విప్పాక, బయటికి వెళ్ళేటప్పుడు, నిద్రపోయేటప్పుడు పెట్టుకోమని స్ప్లింటు రాసిచ్చారు. మందుల అంగడిలో ముంజేతి లావు చూసి పెద్ద సైజు ఇచ్చారు. ఇంటికి వచ్చి తొడుక్కుని పిడికిలి బిగిస్తే, లోపలి అల్యూమినియం పట్టీ మళ్ళీ అదే గీత మీద అడ్డుపడింది. ఈసారి ఆలస్యం చేయకుండా మరునాడే మార్చుకున్నాను, పట్టీని ఫిజియోథెరపీ చేసే అమ్మాయి నా చేతి వంపుకు తగినట్టు వంచి ఇచ్చింది. వెల్‌క్రోలో దారపు పోగులు చిక్కుకోవడం, ఉతికితే ఆరడానికి రోజు పట్టడం తప్ప దానితో నాకు పేచీ లేదు. నాలుగో నెల నుంచి బరువులు మోసేటప్పుడు మాత్రమే వాడాను. జొన్నరొట్టె తట్టడానికి మాత్రం ఎనిమిది నెలలు ఆగవలసి వచ్చింది, ఎందుకంటే మణికట్టు వెనక్కు వంచి అరచేతి మీద భారం వేయడం అన్నిటికంటే ఆలస్యంగా వచ్చింది.

అందువల్ల స్లాబు, కట్టు, స్ప్లింటు అనే ఈ వరుస నాకు మేలు చేసిందనే చెబుతాను. కానీ నా వయసు అరవై ఒకటి, నేను ఉద్యోగ విరమణ చేసిన ఉపాధ్యాయురాలిని, ఇంట్లో కోడలు తోడుంది, నా ఎముక పెద్దగా జరగలేదు. ఎముక ముక్కలై కీలులోకి విరుపు పోయినవారికి ప్లేటు వేయవలసి రావచ్చు. రోజూ వేరుశనగ పొలంలో పని చేసే మనిషికి ఆరు వారాల లెక్క వేరు. మా చిన్నాయన కొడుకు పుత్తూరు కట్టు వేయిద్దామని గట్టిగా పట్టుబట్టాడు. నేను వేయించుకోలేదు కనుక దాని మంచిచెడ్డలు నేను చెప్పరాదు.

ఇప్పుడు పిడికిలి పూర్తిగా బిగుస్తుంది. అరచెయ్యి వెల్లకిలా తిరగడంలో మాత్రం కొంత కొరత మిగిలింది, దానికీ ఆ అంచుకూ సంబంధం లేదని డాక్టరు అన్నారు. పోయిన నెల మంత్రాలయంలో తీర్థం తీసుకునేటప్పుడు కుడిచేతి కింద ఎడమచెయ్యి ఆనించి, మోచెయ్యి కొంచెం లోపలికి జరుపుకుని పట్టాను.