ఖజానా ఒకరిది, యుద్ధం నలుగురిది: మెక్‌వారియర్ 5 మెర్సినరీస్‌ను జట్టుగా ఆడితే

మెక్‌వారియర్ 5: మెర్సినరీస్ అనే వీడియో ఆటను ఒంటరిగా మొదలుపెట్టి మధ్యలో వదిలేసినవాళ్ళు నాకు చాలామంది తెలుసు. వాళ్ళను తప్పుపట్టను. కథ పలచన. మిషన్లు తిప్పితిప్పి అవే వస్తాయి. కంప్యూటర్ నడిపే సహచరులు సరిగ్గా మనం గురి పెట్టే వేళకు తుపాకీకి అడ్డంగా వచ్చి నిలబడతారు. అదే కాంపెయిన్‌ను, అంటే ఆ మిషన్ల వరసను, మరో ముగ్గురితో కలిసి ఆడితే ఈ లోపాల్లో సగం కనబడవు, మిగతా సగాన్ని నలుగురూ కలిసి తిట్టుకోవచ్చు. చాలాకాలంగా మాకు వారాంతపు ఆట ఇదే. కొనాలా వద్దా అని అడిగేవాళ్ళకు నా జవాబు: జట్టు ఉంటే కొనండి, లేకపోతే ధర బాగా తగ్గేదాకా ఆగండి.

తెలియనివాళ్ళకు కాస్త పరిచయం. మెక్ అంటే లోపల మనిషి కూర్చుని నడిపే రెండు కాళ్ళ యుద్ధయంత్రం. ఈ ఆటలో వాటి బరువు 20 టన్నుల నుంచి 100 టన్నుల దాకా ఉంటుంది. ఈ ప్రపంచమంతా 1984లో పుట్టిన బ్యాటిల్‌టెక్ అనే బల్లమీది ఆటలోంచి వచ్చింది; కంప్యూటర్లో మెక్‌వారియర్ పేరుతో మొదటి ఆట 1989 నాటిది. కెనడాలోని వాంకూవర్‌కు చెందిన పిరానా గేమ్స్ చేసిన మెర్సినరీస్ 2019 డిసెంబర్‌లో కంప్యూటర్లకు, 2021 మే నెలలో ఎక్స్‌బాక్స్‌కు, అదే ఏడాది సెప్టెంబర్‌లో ప్లేస్టేషన్‌కు వచ్చింది. కథాకాలం 3015. మనుషులు నక్షత్రాల దాకా వ్యాపించి, డేవియన్, స్టైనర్, కురీటా, లియావ్, మారిక్ అనే అయిదు పెద్ద వంశాల కింద చేరి తరతరాలుగా కొట్టుకుంటూ ఉంటారు. మనం వీళ్ళలో ఎవరి మనిషీ కాదు, డబ్బిచ్చిన వాళ్ళ తరఫున దిగే కిరాయి దళానికి నాయకుడు. తండ్రిని చంపినవాళ్ళ మీద పగ తీర్చుకునే కథ ఒకటి వెనక నడుస్తుంది గాని, మా జట్టులో దాన్ని పట్టించుకున్నవాడు లేడు.

జట్టంటే నలుగురం. నేను హైదరాబాద్‌లో, కాలేజీ నాటి మిత్రుడు విజయవాడలో, అతని తమ్ముడు అదే ఇంట్లో పక్క గదిలో, మా బావ డాలస్‌లో. ఇక్కడ శనివారం పొద్దున్న కాఫీ తాగుతూ కూర్చుంటే అక్కడ బావకు శుక్రవారం రాత్రి భోజనాలయి ఉంటాయి. తమ్ముడిది ఎక్స్‌బాక్స్, మిగతావాళ్ళవి కంప్యూటర్లు. వేర్వేరు యంత్రాలవాళ్ళు కలిసి ఆడే వీలు ఈ ఆటలో ఉంది కాబట్టే మా నలుగురికీ పొసగింది. ఆటను మార్చేందుకు అభిమానులు తయారుచేసిన మాడ్‌లను మాత్రం మేం వదులుకోవలసి వచ్చింది, అవి ఎక్స్‌బాక్స్‌లో లేవు గనక.

ఈ ఆటలో మజా మిషన్‌కు ముందే మొదలవుతుంది. ప్రతి ఒప్పందానికీ ఒక బరువు పరిమితి ఉంటుంది, నలుగురి మెక్‌లూ కలిపి దాన్ని దాటకూడదు. పరిమితి 200 టన్నులు అనుకోండి. నాకు 50 టన్నుల హంచ్‌బ్యాక్, మిత్రుడికి 50 టన్నుల ట్రెబుషే, బావకు 65 టన్నుల థండర్‌బోల్ట్, తమ్ముడికి 35 టన్నుల జెన్నర్. లెక్క సరిగ్గా సరిపోయింది. ఇంతలో మిత్రుడికి కాటపుల్ట్ మీదికి మనసు పోతుంది. అది 65 టన్నులు. ఆ పైన పడ్డ పదిహేను టన్నులూ ఎవరో ఒకరు వదులుకోవాలి, అంటే తమ్ముడు జెన్నర్ దిగి 20 టన్నుల లోకస్ట్ ఎక్కాలి. “ప్రతిసారీ నేనే ఎందుకు చిక్కిపోవాలి అన్నయ్యా?” అని వాడు అడిగితే, “చిన్నవాడివి కదరా, పరుగెత్తగలవు” అని డాలస్ నుంచి తీర్పు వస్తుంది. ఒంటరిగా ఆడేటప్పుడు ఇదే పరిమితి ఒక విసుగు పుట్టించే కూడిక లెక్క.

బరువు తేలాక డబ్బు బేరం. యజమానితో మాట్లాడుకోవడానికి కొన్ని పాయింట్లు ఇస్తారు. వాటిని నగదు మీద పెట్టవచ్చు, దెబ్బతిన్న యంత్రాలకు బీమా మీద పెట్టవచ్చు, పడగొట్టిన శత్రువు సామానులో వాటా మీద పెట్టవచ్చు. ఈ వాటానే సాల్వేజ్ అంటారు. బావ ఎప్పుడూ సాల్వేజ్ పక్షం. మిత్రుడు బ్యాంకు ఉద్యోగి, బీమా లేకుండా గడప దాటడు. నేను హోస్ట్‌ను, అంటే ఆట నా కంప్యూటర్ మీద నడుస్తుంది, కాబట్టి చివరి మాట నాది, ఆ తరవాత పడే మాటలూ నాకే.

ఒక మిషన్ గురించి వివరంగా చెబితే తప్ప ఈ బేరాల విలువ అర్థం కాదు. మంచు కప్పిన గ్రహం, వార్‌జోన్ రకం ఒప్పందం. వస్తున్న శత్రువులను కూలుస్తూ నిలబడి, చివరికి ఓడ దిగే చోటికి చేరుకోవాలి. చలి ప్రదేశంలో మెక్‌ల వేడి త్వరగా తగ్గుతుంది కాబట్టి లేజర్లను ధారాళంగా వాడవచ్చు. అంతా బాగానే సాగుతుండగా గట్టు మీద 70 టన్నుల ఆర్చర్ ఒకటి ప్రత్యక్షమై దూరం నుంచి క్షిపణుల వాన కురిపించడం మొదలుపెట్టింది. నా హంచ్‌బ్యాక్ కుడి భుజం మీద ఏసీ-20 ఫిరంగి ఉంది. ఆ ఫిరంగి ఒక్కటే 14 టన్నులు. కొట్టిందంటే మామూలు దెబ్బ కాదు, కాని బాగా దగ్గరికి పోతే తప్ప పనికిరాదు. గట్టెక్కే లోపు నా కవచం మిగిలేలా లేదు.

తమ్ముడు ఎవరినీ అడగలేదు. గంటకు 100 కిలోమీటర్లు దాటే జెన్నర్‌ను గట్టు చుట్టూ తిప్పి ఆర్చర్ వీపు వైపు తేలాడు. వెనక కవచం ఏ మెక్‌కైనా పలచనే. నాలుగు లేజర్లు వీపున తగిలేసరికి ఆర్చర్ అటు తిరిగింది. తిరగగానే నాకు దారి దొరికింది. సరిగ్గా అప్పుడే “లాక్ అయింది, వదులుతున్నా” అన్నాడు మిత్రుడు, అంటే క్షిపణులకు గురి కుదిరిందని. “ఆగన్నయ్యా, నేనక్కడే ఉన్నా!” అన్న కేక మా అందరికీ వినబడేటప్పటికి క్షిపణులు గాలిలో ఉన్నాయి. ఈ ఆటలో మనవాళ్ళ గుండు కూడా మనకు తగులుతుంది. సగం క్షిపణులు ఆర్చర్ మీద, సగం జెన్నర్ మీద పడ్డాయి. జెన్నర్‌కు ఒక కాలు పోయింది. నేను గట్టెక్కి ఆర్చర్ వీపులో రెండు గుళ్ళు దించాను. అది కూలింది.

తరవాతి పది నిమిషాలు కుంటుతున్న జెన్నర్‌ను మధ్యలో పెట్టుకుని ఓడ దాకా నడిచాం. ఒంటరిగా ఆడి ఉంటే ఆ జెన్నర్‌ను అక్కడే వదిలేసి వెళ్ళేవాణ్ణి. లోపల ఉన్నది తమ్ముడు కావడంతో థండర్‌బోల్ట్ వెనక్కి తిరిగి నడుస్తూ కాపలా కాసింది. ఓడ ఎక్కాక సాల్వేజ్ జాబితాలో ఆర్చర్ కనబడింది. బావ పట్టుబట్టి పెట్టించిన పాయింట్ల పుణ్యమా అని అది మా వశమయింది. ఆ వెంటనే మరమ్మతుల బిల్లు. బీమాకు పాయింట్లు మిగల్లేదు కాబట్టి కాలు, కవచం, పోయిన లేజర్లు అన్నీ మా సొంత సీ-బిల్లుల్లోంచే (ఈ ఆటలో డబ్బు పేరు అది). తిలా పాపం తలా పిడికెడు అని సర్దుకుందామంటే ఒప్పుకోరు, ఆ క్షిపణులు ఎవరివో అందరూ చూశారు.

ఈ ఆటను నిలబెట్టింది ఆ బిల్లే. కలిసి ఆడే చాలా ఆటల్లో చనిపోతే మళ్ళీ లేస్తాం, నష్టం ఉండదు, అందుకే ఎవరికి వారే యమునా తీరే. ఇక్కడ తెగిన ప్రతి చేయి డబ్బు, పోయిన ప్రతి ఆయుధం మళ్ళీ కొనాల్సిన సామాను, మరమ్మతుకు పట్టే ప్రతి రోజూ క్యాలెండర్‌లో ముందుకు జరిగే రోజు. యుద్ధం జరుగుతున్న ప్రాంతంలో బాగుచేయించుకుంటే ఖర్చూ ఎక్కువ, ఆలస్యమూ ఎక్కువ. పారిశ్రామిక కేంద్రానికి వెళ్ళాలంటే ప్రయాణానికి రోజులు, డబ్బు. దీనితో మనుషుల ఆటతీరు మారిపోతుంది. మొదట్లో వీరావేశంతో దూకిన మిత్రుడు ఇప్పుడు ఎడమ వైపు కవచం పోగానే కుడి వైపు తిప్పి నిలబడతాడు. “నా చేయి పోయేలా ఉంది, ముందుకు రండి” అని ముందే చెబుతాడు. ఎఫ్ కీలు నొక్కి కంప్యూటర్ సహచరులకు ఇచ్చే ఆజ్ఞలకు ఈ తెలివి ఎప్పటికీ రాదు.

ఇక పెద్ద లోపం. కాంపెయిన్ మొత్తం హోస్ట్ సేవ్‌లోనే, అంటే అతను దాచుకున్న ఆటలోనే ఉంటుంది. మెక్‌లు, డబ్బు, పేరుప్రతిష్ఠలు అన్నీ అతనివే. మిగతా ముగ్గురూ గంటల తరబడి కష్టపడినా వాళ్ళ సొంత కాంపెయిన్‌కు చేరేది శూన్యం. ఉమ్మడి కుటుంబంలో పెద్దాయన బొడ్డు దగ్గర తాళాల గుత్తి ఉన్నట్టు, ఇక్కడ పెత్తనమంతా ఒక్కడిది. హోస్ట్ ఊరెళితే ఆ వారం ఆట లేదు. అతని నెట్ పోతే అందరూ బయటే. మిషన్‌కూ మిషన్‌కూ మధ్య అతను మరమ్మతులు, కొనుగోళ్ళు, ప్రయాణాలు చూసుకుంటుంటే మిగతావాళ్ళకు చేయడానికి పెద్దగా ఏమీ ఉండదు. నేను దీనికి ఒక మార్గం కనిపెట్టుకున్నాను. మరమ్మతుల పని శుక్రవారం రాత్రే ఒంటరిగా పూర్తిచేసి, కొత్తగా అమ్మకానికి వచ్చిన మెక్‌ల చిత్రాలను గ్రూపులో పెడతాను. వాళ్ళు ఓటు వేస్తారు. శనివారం నేరుగా దిగడమే.

దూరం గురించి చాలామంది అడుగుతారు. హైదరాబాద్‌లో నేను హోస్ట్, డాలస్‌లో బావ. మధ్యలో అంత దూరం ఉన్నా ఆట నడిచింది, ఎందుకంటే ఇది సహజంగా నెమ్మది ఆట. 65 టన్నుల యంత్రం తిరగడానికే సమయం పడుతుంది కాబట్టి రెప్పపాటు ఆలస్యం ప్రాణం తీయదు. అయినా బావ ఆటోక్యానన్లు, అంటే నా ఏసీ-20 లాంటి ఫిరంగులు, మానేశాడు. ఎగిరే గుండుకు ముందుగా గురి చూసి కొట్టడం ఆ ఆలస్యంలో కుదరలేదు. ఇప్పుడు అతని మెక్‌లో అన్నీ లేజర్లు, లాక్ అయ్యే క్షిపణులు. దానివల్ల వేడి సమస్య. ఎడారి గ్రహాల మీద థండర్‌బోల్ట్ వేడెక్కి శత్రువుల మధ్య ఆగిపోయి నిలబడటం మాకు అలవాటయిన దృశ్యం. జెన్నర్ లాంటి తేలిక మెక్‌లు మాత్రం అతని తెర మీద గెంతుతూ కనబడతాయట.

కథ మీద ఆశ పెట్టుకోకండి. మ్యాపులు ముక్కలు అతికించి తయారయ్యేవి, కొన్నాళ్ళకు ఏ లోయ వెనక ఏముందో తెలిసిపోతుంది. శత్రువుల అదనపు బలగాలు ఒక్కోసారి మన వీపు వెనకే దిగుతాయి. స్థావరాన్ని కాపాడే మిషన్లలో మన గుళ్ళకే మన భవనాలు కూలుతుంటే నవ్వాలో ఏడవాలో తెలియదు. నలుగురూ మనుషులే అయినప్పుడు ఎవరి మెక్ అయినా పూర్తిగా ధ్వంసమైతే అతను మిగతా సేపు చూస్తూ కూర్చోవడమే. సుదీర్ఘమైన మిషన్లో మొదట్లోనే పోతే అది శిక్ష.

అదనపు భాగాల్లో హీరోస్ ఆఫ్ ది ఇన్నర్ స్ఫియర్ ముందు తీసుకోండి. పగ కథను పక్కన పెట్టి నేరుగా కిరాయి దళాన్ని నడుపుకునే కెరీర్ మోడ్ దానిలో ఉంది. జట్లకు అంతకన్నా సరిపోయే పద్ధతి ఇంకోటి లేదు. లెజెండ్ ఆఫ్ ది కెస్ట్రెల్ లాన్సర్స్‌లో అయిదు వంశాల మధ్య జరిగే నాలుగో వారసత్వ యుద్ధం, అడవులు, ఎత్తయిన భవనాల మహానగరాలు వస్తాయి. వీధి మలుపుల్లో పోరాటం నలుగురితోనే రుచిస్తుంది. 2022లో వచ్చిన కాల్ టు ఆర్మ్స్ కత్తులు, గొడ్డళ్ళు ఇస్తుంది. గండ్రగొడ్డలి పట్టిన హ్యాచెట్‌మన్ వచ్చాక తమ్ముడు బరువు గురించి గొణగడం మానేశాడు. నాకు మాత్రం అది డబ్బుకు తగినదిగా అనిపించలేదు.

2024 అక్టోబర్‌లో వచ్చిన మెక్‌వారియర్ 5: క్లాన్స్‌ను కూడా ప్రయత్నించాం. అయిదుగురు కలిసి ఆడవచ్చు, కథ చాలా మెరుగు, దృశ్యాలు కన్నులపండుగ. కాని అది గీసిన దారిలో నడిచే కాంపెయిన్. ఏ ఒప్పందం ఒప్పుకోవాలి, ఎవరి తరఫున దిగాలి, ఎంతకు బేరం కుదుర్చుకోవాలి అన్న తగవులకు తావు లేదు. మాకు ఆ తగవులే కావలసి వచ్చాయి, మెర్సినరీస్‌కు తిరిగి వచ్చేశాం. కథ కోసం ఆడేవాళ్ళు క్లాన్స్‌తోనే మొదలుపెట్టడం మేలు.

కొత్తగా మొదలుపెట్టేవాళ్ళకు రెండు సూచనలు. అసలు కాంపెయిన్‌లో తొలి మిషన్లు హోస్ట్ ఒంటరిగా ముగించాకే కలిసి ఆడే కో-ఆప్ పద్ధతి తెరుచుకుంటుంది; ఆ పని ముందురోజే చేసి పెట్టుకోండి, లేకపోతే మిగతా ముగ్గురూ ఎదురుచూపులతో విసిగిపోతారు. రెండోది, హోస్ట్‌ను ఎంచుకునేటప్పుడు బాగా ఆడేవాణ్ణి కాకుండా ప్రతి వారం తప్పకుండా వచ్చేవాణ్ణి ఎంచుకోండి, నెట్ నిలకడగా ఉందో లేదో కూడా చూడండి. మా కొత్త కెరీర్‌కు తాళాలు విజయవాడకు వెళుతున్నాయి. బ్యాంకు ఉద్యోగి ఖజానా పట్టుకున్నాడు కాబట్టి బీమాకు లోటు ఉండదు, బావ సాల్వేజ్ సంగతే ఇంకా తేలలేదు.