‘లాస్ట్ స్టాప్ 174’: బస్సు ఎక్కకముందు కథ

రియో డి జనీరోలో 2000 జూన్ 12న 174 నంబరు సిటీ బస్సులో శాండ్రో అనే యువకుడు తుపాకీ చూపించి ప్రయాణికులను నాలుగు గంటలకు పైగా నిర్బంధించగా, బ్రెజిల్ దేశమంతా దాన్ని టీవీలో ప్రత్యక్షంగా చూసింది. ఆ ఘటన ఆధారంగా బ్రూనో బరెటో 2008లో తీసిన ఈ చిత్రాన్ని విజయనగరంలో మా ఇంట్లో ఇంగ్లీషు సబ్‌టైటిల్స్‌తో చూశాను.

చిత్రానికి ప్రాణం శాండ్రో బాల్యమే. తల్లి హత్యను కళ్లారా చూసిన పిల్లవాడు వీధుల పాలై, కండెలారియా చర్చి దగ్గర తనలాంటి పిల్లల మధ్య తలదాచుకుంటాడు. 1993 జూలై 23 రాత్రి నిద్రిస్తున్న ఆ పిల్లలపై పోలీసులు కూడా ఉన్న ముఠా కాల్పులు జరిపి ఎనిమిది మందిని పొట్టన పెట్టుకున్న దారుణం నుంచి అతడు బతికి బయటపడ్డాడు. మిషెల్ గోమెస్ నటనలో శాండ్రో కోపం కంటే బెదురే ఎక్కువగా కనిపించడం నన్ను కదిలించింది.

బిడ్డను పోగొట్టుకున్న మరీసా, శాండ్రోనే తన కొడుకని నమ్మే కథ మాత్రం మన పాత సినిమాల తప్పిపోయిన కొడుకుల కథల్లా సాగి, అసలు విషయం నుంచి దృష్టి మళ్లిస్తుంది.

నాకున్న పెద్ద అభ్యంతరం చివరి ఘట్టం గురించి. ఆనాడు బస్సులో శాండ్రో ఒక బందీ చేత, ఆరు గంటలకు తాను అందరినీ చంపుతానని అద్దంపై లిప్‌స్టిక్‌తో రాయించాడు. చివరికి శాండ్రో ఒక యువతిని అడ్డుపెట్టుకుని దిగినప్పుడు పోలీసు పేల్చిన తుపాకీ గురి తప్పింది, ఆ గందరగోళంలో ఆమె తూటాలకు బలైంది. శాండ్రో పోలీసు వాహనంలో ఊపిరాడక చనిపోయాడు, ఆ కేసులో పోలీసులు నిర్దోషులుగా బయటపడ్డారు. ఆ యువతి ఈశాన్య బ్రెజిల్ నుంచి వచ్చి, రోసీన్యా మురికివాడలో ఉంటూ పిల్లలకు చేతిపనులు నేర్పే ఉపాధ్యాయురాలు. శ్రీకాకుళం, విజయనగరం పల్లెల నుంచి కూలి పనులకు హైదరాబాదు, చెన్నైలకు వలస వెళ్లేవారిని ఎరిగిన మనకు ఆమె పరాయిది కాదు. తుపాకీకి రెండు వైపులా పేదలే ఉన్నారన్న ఈ నిజానికి చిత్రం ఇవ్వవలసినంత చోటు ఇవ్వలేదు.

అందుకే జోజే పడీల్యా 2002లో తీసిన ‘బస్ 174’ డాక్యుమెంటరీని కూడా తప్పక చూడాలని నా మనవి. అందులో నాటి టీవీ దృశ్యాలతో పాటు, ప్రాణాలతో బయటపడ్డ బందీలు తమ అనుభవాన్ని స్వయంగా చెబుతారు.