హనోయ్‌లో నేర్చుకున్న కాఫీ: ఏడాదిన్నర తర్వాత రాస్తున్న రివ్యూ

2023 నవంబరులో నేనూ చెల్లీ వియత్నాం వెళ్లినప్పుడు హనోయ్ పాత బస్తీలో కాఫీ తయారీ క్లాసుకు డబ్బు కట్టాం. రెండున్నర గంటలు, ఐదు రకాల కాఫీలు, మనిషికి 6 లక్షల డాంగ్. ఆ లక్షలు చూస్తే గుండె గుభేలుమంటుంది గానీ మన లెక్కలో అప్పటికి సుమారు 2 వేల రూపాయలు. తిరిగొచ్చిన వారంలోనే రివ్యూ రాసి ఉంటే ఐదుకు ఐదు చుక్కలూ ఇచ్చేసేదాన్ని. ఇప్పుడు ఆ ఐదింట్లో మా వంటగదిలో ఎన్ని బతికాయో చూసి రాస్తున్నాను కాబట్టి కాస్త నిదానంగా మాట్లాడగలను.

క్లాసు జరిగింది ఒక ఇంటి మూడో అంతస్తులో. పాత బస్తీ ఇళ్లు వీధివైపు చూస్తే మన కిరాణా కొట్టంత వెడల్పు కూడా ఉండవు, లోపలికి మాత్రం రైలుపెట్టెలా పోతూనే ఉంటాయి. మొత్తం ఎనిమిది మందిమి. నేర్పే అమ్మాయికి పాతికేళ్లుంటాయేమో. వచ్చీరాగానే నన్ను చూసి నవ్వుతూ "చి" అంది. నాకు చిర్రెత్తుకొచ్చింది. తర్వాత తెలిసింది, చి అంటే అక్క అట. వాళ్లు కూడా మనలాగే ఎవరినీ ఊరికే నువ్వు, మీరు అని పిలవరు. వయసు చూసి అక్క, అన్న, పిన్ని, పెదనాన్న అని వరస కలుపుతారు. తనకంటే చిన్నవాళ్లయితే "ఎమ్". ఇది తెలిశాక మా చెల్లి ఆ రోజంతా నన్ను "చీ, చీ" అని పిలుస్తూనే ఉంది.

మొదటి నలభై నిమిషాలు టీవీ తెర మీద బొమ్మలు పెట్టి చరిత్ర చెప్పారు. 1857లో ఫ్రెంచి మిషనరీలు కాఫీ మొక్క తేవడం, 1986 ఆర్థిక సంస్కరణల తర్వాత మధ్య పీఠభూమిలో తోటలు విపరీతంగా పెరగడం, ఇప్పుడు బ్రెజిల్ తర్వాత ప్రపంచంలో రెండో స్థానం, అందులోనూ అత్యధికం రోబస్టా అనే చేదెక్కువ రకం కావడం. బాగానే ఉంది గానీ ఇదంతా హోటల్ మంచం మీద పడుకుని ఫోన్‌లో చదువుకోవచ్చు. చేతికి పనిచెప్పే క్లాసు అని డబ్బు తీసుకుని నలభై నిమిషాలు కుర్చీలో కూర్చోబెట్టడం నాకు నచ్చలేదు. ఒక్క సంగతి మాత్రం గుర్తుండిపోయింది. ఆ వేడి దేశంలో పచ్చిపాలు దొరకడమూ, నిలవ ఉండడమూ కష్టం కాబట్టి ఫ్రెంచివాళ్లు డబ్బాపాలు వాడారు, అదే అలవాటై కన్‌డెన్స్‌డ్ మిల్క్ వాళ్ల కాఫీలో స్థిరపడిపోయింది. పాడి ఉన్న ఊళ్లలో పుట్టిన మనకు తట్టే విషయం కాదిది.

అసలు క్లాసు ఫిన్ చేతికిచ్చాకే మొదలైంది. ఫిన్ అంటే నాలుగు ముక్కలు. కప్పు మీద కూర్చునే చిల్లుల పళ్లెం, దాని మీద అడుగున చిల్లులున్న చిన్న గిన్నె, లోపల పొడి మీద పెట్టే చిల్లుల బిళ్ల, పైన మూత. మన ఫిల్టర్‌కి చిన్నాన్న కొడుకులా ఉంటుంది. నేను పుట్టినప్పటి నుంచీ ఫిల్టర్ కాఫీ ఇంట్లోనే పెరిగాను, నాకు ఇందులో కొత్తగా నేర్పేదేముందిలే అనుకున్నాను. ఇరవై గ్రాముల పొడి వేసి, అమ్మ వేసినట్టే బిళ్లతో గట్టిగా అదిమి, వేడినీళ్లు నిండా పోసి మూత పెట్టాను.

ఒక నిమిషం అయింది. రెండయ్యాయి. కింద కప్పులో చుక్క లేదు. పక్కన కొరియా నుంచి వచ్చిన పెద్దాయన ఫిన్ నుంచి టప్ టప్ మని పడుతోంది. ఆ అమ్మాయి వచ్చి, ఏమీ అనకుండా చెంచా కొనతో బిళ్లను ఒక పక్క కాస్త పైకి లేపి వదిలింది. లోపల చిన్న బుడగ పగిలినట్టయింది, వెంటనే నల్లటి చుక్క జారింది. తర్వాత ఇంకొకటి. చెవి దగ్గర పెట్టుకుని వినమంది. సెకనుకు ఇంచుమించు ఒక చుక్క పడాలట. ధారగా కారితే నీళ్ల కాఫీ, ఆగి ఆగి పడితే చేదు. మొత్తం నాలుగైదు నిమిషాల్లో అయిపోవాలి.

మళ్లీ మొదటి నుంచి చేయించింది. పొడి వేసి, గిన్నెను అరచేత్తో రెండుసార్లు తట్టి సమం చేసి, బిళ్ల ఊరికే ఆనించాలి, అంతే. బాగా కాగి ఒక అర నిమిషం నిలిచిన నీళ్లు ముందు నాలుగు చెంచాలు మాత్రమే పోసి, పొడి ఉబ్బేదాకా అర నిమిషం ఆగాలి. ఆ తర్వాతే మిగతా నీళ్లు. మన ఫిల్టర్‌లో రాత్రి పోసి పడుకుంటే తెల్లారేసరికి డికాక్షన్ దానంతట అదే దిగుతుంది, ఎవరూ కాపలా ఉండరు. ఫిన్ ముందు కూర్చోవాలి. నన్నడిగితే ఆ 2 వేల రూపాయల్లో పదిహేను వందలు ఆ చెంచా కొన దగ్గరే గిట్టుబాటయ్యాయి. వీడియోలో చూస్తే చుక్క కనిపిస్తుంది గానీ, బిళ్ల ఎంత బిగిస్తే ఎక్కువో చేతికి తెలియదు.

తర్వాత వరసగా నల్ల కాఫీ, కన్‌డెన్స్‌డ్ మిల్క్‌తో ఐసు కాఫీ, గుడ్డు కాఫీ, ఉప్పు కాఫీ, కొబ్బరి కాఫీ. ఐసు కాఫీని హనోయ్‌లో "నౌ దా" అంటారు, గోధుమరంగు ఐసు అని అర్థం. దక్షిణాన సైగాన్‌లో అదే "కా ఫే సువా దా".

గుడ్డు కాఫీ గురించి చెప్పాలి, ఎందుకంటే ఈ క్లాసులకు సగం మంది వచ్చేది దానికోసమే. 1946లో పాల కొరత ఉన్నప్పుడు హనోయ్ మెట్రోపోల్ హోటల్లో పనిచేసే న్గుయెన్ వాన్ జాంగ్ అనే ఆయన పాల మీగడకు బదులు పచ్చసొన గిలక్కొట్టి వేయడంతో ఇది మొదలైంది. ఆయన పెట్టిన కేఫ్ జాంగ్ ఇప్పటికీ న్గుయెన్ హూ హువాన్ వీధిలో 39వ నంబరులో నడుస్తోంది. క్లాసులో పచ్చసొన, రెండు చెంచాల కన్‌డెన్స్‌డ్ మిల్క్, కాస్త తేనె వేసి, చేతి మిషన్‌తో గిలక్కొట్టించారు. ఐదు నిమిషాలకు పసుపురంగు పోయి లేత మీగడరంగు వచ్చింది. చెంచా పైకెత్తితే రిబ్బన్‌లా జారి, పడిన చోట గుర్తు కాసేపు నిలవాలి. అంతవరకు ఆపకూడదు. దాన్ని చిక్కటి వేడి కాఫీ మీద పరిచి, కప్పును వేడినీళ్ల గిన్నెలో పెట్టి ఇచ్చారు. రుచి? నీచువాసన వస్తుందేమోనని ముక్కు మూసుకున్నంత పనిచేశాను. రాలేదు. కాఫీ మీద కస్టర్డ్ వేసుకుని తిన్నట్టుంది. నాలుగు చెంచాల దాకా అద్భుతం, ఆ తర్వాత వెగటు.

ఇక్కడే నేను చేసిన తెలివితక్కువ పని. మాది సాయంత్రం నాలుగు గంటల బ్యాచ్. డబ్బులిచ్చాం కదా అని ఐదు కప్పులూ అడుగంటా తాగాను. రోబస్టాలో కెఫీన్ రెండో ముఖ్యమైన కాఫీ రకం అరబికా కంటే దాదాపు రెట్టింపు ఉంటుంది. రాత్రి రెండింటికి గుండె దడ, చేతులు వణుకు, చెల్లి గురక, నేను కిటికీ దగ్గర నిలబడి కింద బైకులు లెక్కపెట్టడం. మీరు వెళ్తే ఉదయం బ్యాచ్ తీసుకోండి, ఏదైనా తిని వెళ్లండి, ప్రతి కప్పులో రెండు గుక్కలు చాలు. గుడ్డు తినని వాళ్లు ముందే చెబితే మా క్లాసులో అది మానేసి పెరుగు కాఫీ చేయించారు.

చివర్లో ఒక గదిలోకి తీసుకెళ్లి చోన్ కాఫీ కొనమని మొహమాటపెట్టారు. చోన్ అంటే పునుగుపిల్లి, అది తిని విసర్జించిన గింజలతో చేసే కాఫీ. తిరుమల స్వామికి పునుగు తైలం ఇచ్చే పిల్లి కుటుంబమే ఇదీ. పావు కిలో ధర చూసి నమస్కారం పెట్టి బయటపడ్డాం. అది అసలుదో కాదో తేల్చుకునే దారి కొనేవాళ్లకు లేదు. సర్టిఫికెట్ మీద నా పేరులో రెండు అక్షరాలు ఎగిరిపోయాయి. అది ఇంకా ఫ్రిజ్ మీద ఉంది.

ఇక ఇంటి సంగతి. మాకు ఉచితంగా ఇచ్చిన ఫిన్ అల్యూమినియంది. మూడు నెలల్లో నల్లబడి, బిళ్ల వంకరపోయింది. స్టీలుది ఆన్‌లైన్‌లో తెప్పించాను, అది ఇప్పటికీ కొత్తదానిలా ఉంది. అక్కడే కొనాలనుకుంటే స్టీలుది కొనండి, బరువు చూసి కొనండి.

పెద్ద తలనొప్పి పొడితో వచ్చింది. అక్కడి నుంచి తెచ్చిన అరకిలో అయిపోగానే ఇంట్లో వాడే ఫిల్టర్ కాఫీ పొడి వేశాను. చికోరీ ఉన్న మెత్తటి పొడి కదా, సగం చిల్లుల్లోంచి కప్పులోకి దిగింది, మిగతా సగం బురదలా కూర్చుని చుక్క కదలనివ్వలేదు. తర్వాత అరకు అరబికా తెచ్చి వేశాను. ఒట్టి డికాక్షన్‌గా చాలా బాగుంది, కన్‌డెన్స్‌డ్ మిల్క్ కలపగానే ఎక్కడికి పోయిందో తెలియదు. ఆ తియ్యదనం ముందు నిలబడాలంటే రోబస్టా మొండితనం కావాల్సిందే. చివరికి గింజలు వేయించి అక్కడికక్కడే పట్టించే కొట్టుకెళ్లి, "రోబస్టా, బాగా నల్లగా వేయించింది, చికోరీ వద్దు, బొంబాయి రవ్వకంటే కొంచెం సన్నగా" అని చెప్పాను. కొట్టతను నన్ను ఒకలా చూశాడు. కానీ అదే కుదిరింది. మన దేశంలో పండే కాఫీలో డెబ్బై శాతం దాకా రోబస్టానే, అడగాలే గానీ దొరక్కపోవడం ఉండదు. వాళ్లు వేయించేటప్పుడు వెన్న, చక్కెర కలుపుతారు కాబట్టి ఆ చాక్లెట్ వాసన మాత్రం మన పొడికి రాదు. నేను దానికోసం వెంపర్లాడడం మానేశాను.

ఐదింట్లో ఐసు కాఫీ వారానికి మూడు రోజులు ఖాయం. ఏప్రిల్, మేలలో రోజూ. మిల్క్‌మెయిడ్ డబ్బా తెరిచాక గాజుసీసాలోకి మార్చి ఫ్రిజ్‌లో పెడతాను. అందులో సగానికి పైగా చక్కెరే, అందుకే క్లాసులో చెప్పిన మూడు చెంచాలు ఇప్పుడు ఒకటిన్నరకు దిగాయి. కొబ్బరి కాఫీ చుట్టాలొచ్చినప్పుడు. డబ్బా కొబ్బరిపాలు కొననక్కర్లేదు, ముదురు కొబ్బరి రుబ్బి మొదటి పాలు తీసి, ఐసు ట్రేలో గడ్డకట్టించి మిక్సీలో తిప్పితే క్లాసులో చేసినదానికంటే బాగా వచ్చింది. ఇది గొప్పలు కాదు, కోనసీమ కాయ మహిమ.

ఉప్పు కాఫీ హ్యూ నగరానిది, 2010లో ఒక చిన్న కేఫ్‌లో పుట్టింది. ఉప్పు కలిపిన క్రీము నురగ కాఫీ మీద వేస్తారు. ఇంట్లో నాలుగుసార్లు చేశాను, నాలుగుసార్లూ నురగ రాలేదు, మజ్జిగ తేలినట్టు తేలింది. తప్పు నాది కాదని ఆలస్యంగా తెలిసింది. మన కొట్లలో దొరికే చిన్న ప్యాకెట్ ఫ్రెష్ క్రీములో కొవ్వు 25 శాతమే. గిలక్కొడితే నిలవాలంటే కనీసం 30 పైన ఉండాలి. విప్పింగ్ క్రీము తెచ్చాక వచ్చింది, కానీ తెరిచిన డబ్బా అయిపోయేలోపు పాడవుతోంది. మానేశాను. ఈ ఒక్క ముక్క క్లాసులో చెప్పి ఉంటే నాలుగు ప్యాకెట్ల డబ్బులు మిగిలేవి. దేశదేశాల వాళ్లు వచ్చే క్లాసు కదా, ఇంటికెళ్లాక ఏది దొరకకపోతే ఏది వాడాలో ఒక కాగితం ఇవ్వొచ్చు.

గుడ్డు కాఫీ మొత్తం ఆరుసార్లు చేశాను. పచ్చసొనను టీ వడపోత గుండా వడగట్టి పైపొర తీసేస్తే వాసన తగ్గుతుందని అక్కడ చెప్పారు, నిజమే. కానీ పచ్చిగుడ్డు కాబట్టి పిల్లలకు ఇవ్వను, గుడ్లు తాజావని నమ్మకం లేకపోతే నేనూ తాగను. పైగా అమ్మ తన కాఫీ గ్లాసుల దరిదాపుల్లోకి ఆ గిన్నెను రానివ్వదు. "కాఫీలో గుడ్డేమిటే, ఆమ్లెట్‌లో కాఫీ పోసుకో ఇంకా నయం" అని ఒకసారి అంది. ఆ తర్వాత చేయలేదు.

నల్ల కాఫీ ఎవరూ తాగరు.

డబ్బుకు తగ్గ విలువ ఉందా అంటే, ఇంట్లో కాఫీ మీద మోజున్న వాళ్లకు ఉంది. ఐదు రకాలు నేర్పే క్లాసు కంటే రెండు మూడే నేర్పి, ఫిన్ మనచేత నాలుగుసార్లు వేయించే క్లాసు దొరికితే అది తీసుకోండి, ఎనిమిది మంది కంటే తక్కువుంటే మరీ మంచిది. ఊరికే ఫొటోల కోసమైతే కేఫ్ జాంగ్‌లో కూర్చుని ఒక కప్పు తాగి రండి.

ఈ డిసెంబరులో మా పిన్నీ వాళ్లు హనోయ్ వెళ్తున్నారు. పొద్దుటి బ్యాచ్‌కే కట్టమని చెప్పాను. నాకేం తేవాలని అడిగితే ఒక స్టీలు ఫిన్ మూత దొరుకుతుందేమో చూడమన్నాను. ఉన్నదాన్ని అమ్మ దేవుడి దగ్గర హారతి కర్పూరం వెలిగించడానికి పెట్టేసుకుంది, అడిగే ధైర్యం నాకు లేదు.