త్రిశంకుణ్ణి చూడాలంటే సూర్యలంకే

శివరాత్రికి గుంటూరు జిల్లా సగం కోటప్పకొండ ఎక్కుతుంటే మేము విజయవాడలో బాపట్ల రైలెక్కాం. ఇంట్లో పెద్దవాళ్లకి జాగారం అని చెప్పాం. అందులో అబద్ధమేం లేదు, తెల్లవార్లూ మేలుకునే ఉన్నాం, కాకపోతే వెళ్లింది త్రిశంకుణ్ణి చూడ్డానికి. బొందితో స్వర్గానికి పోవాలని పట్టుబట్టి, వసిష్ఠుడు కుదరదంటే విశ్వామిత్రుణ్ణి పట్టుకుని, తీరా పైకెళ్లాక ఇంద్రుడు నెట్టేస్తే తలకిందులుగా మధ్యలో ఆగిపోయాడే, హరిశ్చంద్రుడి తండ్రి, ఆయనే. బాలకాండలో విశ్వామిత్రుడు కోపం పట్టలేక దక్షిణ దిక్కున వేరే సప్తర్షుల్ని, కొత్త చుక్కల్ని సృష్టించేస్తాడు. ఇంకో ఇంద్రుణ్ణి కూడా పుట్టిస్తానని బయల్దేరేసరికి దేవతలు కాళ్లబేరానికొస్తారు. చివరికి రాజీ ఏమిటంటే, ఆ చుక్కలు అక్కడే ఉంటాయి, వాటి మధ్య త్రిశంకుడు తలకిందులుగానే ఉంటాడు, కానీ అంతా వైశ్వానర పథం అనే ఆకాశ మార్గానికి బయటే. ఆ చోటుని మనవాళ్లు సదరన్ క్రాస్ అనే నాలుగు చుక్కల్లో చూసుకుంటారు.

విజయవాడలోనే ఉండి చూడొచ్చు కదా అంటారేమో. అక్షాంశం లెక్కన కనపడాలి. 16.5 డిగ్రీల దగ్గర ఉన్నాం కాబట్టి కింది చుక్క అక్రక్స్ ఎంత పైకొచ్చినా 10 డిగ్రీలే, అంటే చెయ్యి బారుగా చాపి పిడికిలి బిగిస్తే ఆ పిడికిలి ఎత్తు. దక్షిణాన ఏ అడ్డూ ఉండకూడదు, వెలుతురు అసలు ఉండకూడదు. కృష్ణ ఘాట్లలో నిలబడితే దక్షిణం వైపు నది ఉంది కదా అనిపిస్తుంది గానీ అవతలి గట్టున సీతానగరం, తాడేపల్లి, ఉండవల్లి కొండ, వాటి లైట్లూ. ప్రకాశం బ్యారేజీ రాత్రిపూట ఎంత అందమో చుక్కలకి అంత చేటు. కొండపల్లి ఖిల్లా సాయంత్రానికి మూసేస్తారు, మూయకపోయినా దక్షిణాన థర్మల్ స్టేషన్ ధగధగలాడుతుంటుంది. మంగళగిరి పానకాల స్వామి కొండ మంచి ఎత్తే, కానీ రాత్రిళ్లు అక్కడ దేవతలే పూజ చేస్తారని నమ్మకం, గుడి మధ్యాహ్నం దాటాక మూసేస్తారు, వాళ్లతో మనకు పోటీ ఎందుకు. ఇక కోటప్పకొండ అంటారా, ఆ రాత్రి కరెంటు ప్రభల వెలుగులో పక్కవాడి మొహంలో చెమట కూడా కనపడుతుంది, చుక్కలు మాత్రం కనపడవు.

సూర్యలంక బీచ్ అలా తేలింది. 2022 నుంచి బాపట్ల జిల్లా అయింది గానీ మా నోటికి ఇంకా గుంటూరు జిల్లానే. బాపట్ల ఊరికి 9 కిలోమీటర్లు. తీరం నైరుతికి ఒంపు తిరిగి పోతుంది కాబట్టి సరిగ్గా దక్షిణాన చూస్తే సముద్రమే, ఊళ్లు లేవు. ఈ ఒక్క కారణానికే నా మార్కులన్నీ దీనికి.

బస గురించి ఓపెన్‌గా చెప్తాను. బాపట్ల ఊళ్లో లాడ్జీలు చవక, శుభ్రంగానే ఉంటాయి, ఫ్యామిలీతో అయితే అదే హాయి, కానీ అర్ధరాత్రి బీచ్‌కి ఆటో దొరకదు, దొరికినా పగటి రేటు మర్చిపోవాలి. పగలే ఒక ఆటో అన్నతో మాట్లాడుకుని నంబరు తీసుకుంటే నయం. బీచ్ దగ్గర టూరిజం వాళ్ల రిసార్ట్ ఉంది, ఇసుక పక్కనే, సెలవు రోజుల్లో ముందే బుక్ చేసుకోకపోతే దొరకదు, మాకూ దొరకలేదు. మేం దిగింది ఒక ప్రైవేటు బసలో. గది బాగుంది, ఏసీ బాగుంది, భోజనం ఫర్వాలేదు, ఉపవాసం ఉన్నవాళ్లకి అడగకుండానే పళ్లూ పాలూ పంపారు. కానీ ఆవరణ మధ్యలో ఒక ఫ్లడ్ లైటు, తెల్లవార్లూ వెలుగుతూనే. కాసేపు ఆపమని కౌంటర్లో అడిగితే "కస్టమర్లు భయపడతారండీ" అన్నారు. మేం కస్టమర్లం కాదేమో మరి. కిందికొస్తే వాచ్‌మన్ మాత్రం "ఏందండీ, ఆ చీకట్లో ఏం కనపడుద్దండీ?" అని అడిగి, విషయం చెప్పాక ప్రహరీ బయటి బల్బులు రెండూ ఆపేసి మాతోపాటు ఇసుకలోకి వచ్చి నిలబడ్డాడు. రివ్యూలో స్టార్లు ఇవ్వాల్సింది ఆయనకి.

ఎనిమిదిన్నరకి అగస్త్యుడు, అంటే కనోపస్ అనే చుక్క, సరిగ్గా దక్షిణాన, రెండు పిడికిళ్ల ఎత్తులో. సిరియస్ తర్వాత రాత్రి ఆకాశంలో ఇంత వెలుగున్న చుక్క లేదు. పిల్లలు ఇదే త్రిశంకుడనుకుని ఇక పడుకుందాం అన్నారు, పడుకోబెట్టాం. అసలాయన పదకొండు ప్రాంతాల ఆగ్నేయంలో పక్కకి ఒరిగి లేచాడు, ముందు ఎర్రగా పై చుక్క గాక్రక్స్, ఆ వెనక మిగతావి. రెండున్నర దాటాక నిలువుగా నిలబడ్డాడు. మొత్తం మూడు వేళ్ల మందం, అంతే, 88 నక్షత్ర మండలాల్లో అన్నిటికన్నా చిన్నది. సముద్రపు పొగమంచులో నాలుగో చుక్క ఉందా లేదా అన్నట్టు మినుకుతోంది. అన్నిటికన్నా వెలుగున్న అక్రక్స్ అడుగున ఉంది, తల కిందికి ఉన్నవాడి మొహం అదే అనుకుంటే కథ అతికినట్టు సరిపోతుంది. ఎడం పక్కన కాస్త దిగువన ఆల్ఫా సెంటారీ అనే ఇంకో చుక్క.

అప్పుడు మా బావ "ఇటు చూడు" అని నన్ను ఉత్తరానికి తిప్పాడు. సప్తర్షులు. విశ్వామిత్రుడు పోటీకి సృష్టించినవాళ్లు కాదు, అసలైనవాళ్లు, ఐదు పిడికిళ్ల ఎత్తులో. తోక చివరి నుంచి రెండోది వసిష్ఠుడు, పక్కనే అరుంధతి, పెళ్లిలో తల పైకెత్తి చూసినట్టు నటిస్తాం చూడండి, ఆ అరుంధతే. కాదు పొమ్మన్న గురువు ఉత్తరాన పైన, పొమ్మనిపించుకున్న రాజు దక్షిణాన నీళ్లకి పిడికిలి ఎత్తులో, ఇద్దరూ ఒకే గంటలో ఎదురెదురుగా. కథ చదివినప్పుడు ఈ సంగతి తట్టదు, ఆకాశం కింద నిలబడితేనే తెలుస్తుంది. ఇంకోటి, చంద్రుడు గానీ గ్రహాలు గానీ ఎన్నేళ్లయినా ఆ చుక్కల దగ్గరికి పోవు, వాటి దారి వేరు. వైశ్వానర పథానికి బయట అన్న షరతుకి నా లెక్కలో అర్థం ఇదే, పండితులు ఒప్పుకుంటారో లేదో. ఆ మాటకొస్తే గాక్రక్స్ మనకి 88 కాంతి సంవత్సరాల దూరం, అక్రక్స్ దాదాపు 320, ఒకదానితో ఒకటికి చుట్టరికం లేదు, వాటిని కలిపి ఒక రాజుని నిలబెట్టింది మన కళ్లే.

వెళ్లేవాళ్లకి రెండు ముక్కలు. శివరాత్రి అమావాస్యకి ముందురోజు కాబట్టి వెన్నెల బెడద లేదు, కానీ రెండున్నర దాకా మేలుకోవాలి. నిద్రాపుకోలేనివాళ్లు మే నెల మధ్యలో అమావాస్య దగ్గర వెళ్తే రాత్రి తొమ్మిదికే కనపడతాడు, ఉక్కపోత భరించాలి, ఆకాశం కూడా మసకగా ఉంటుంది. బైనాక్యులర్స్ ఉంటే తీసుకెళ్లండి, పెద్ద ఖరీదువి అక్కర్లేదు. రాత్రి టీ దొరకదు, ఫ్లాస్కు తప్పనిసరి. చీకట్లో నీళ్లల్లోకి మాత్రం దిగొద్దు, పగలే మనుషుల ప్రాణాలు పోయే బీచ్ అది. గది బుక్ చేసేటప్పుడు ఏసీ ఉందా అని కాదు, రాత్రి బయటి లైట్లు ఆపుతారా అని అడగండి, ఆపం అంటే బాపట్ల లాడ్జీయే మేలు.